బ్రిటిష్ వాళ్లు కట్టారా, దోచారా? ఏ చరిత్రకారుల దారిలో చదవాలో తేలని వాళ్లకి

మా పెదనాన్న ధవళేశ్వరం మీంచి వెళ్లిన ప్రతిసారీ కారు ఆపించి కాటన్ దొర విగ్రహానికి దండం పెడతారు. మొన్న సంక్రాంతికి వెనక సీట్లో మా తమ్ముడు కూడా ఉన్నాడు, ఇంజనీరింగ్ థర్డ్ ఇయర్, వాడు ఫోన్లోంచి తలెత్తకుండానే "45 ట్రిలియన్ డాలర్లు పట్టుకుపోయినోళ్లకి దండమేంటి పెదనాన్నా" అన్నాడు. అంతే. రావులపాలెం దాటినా గొడవ ఆగలేదు. "ఆ ఆనకట్ట లేకపోతే నువ్వు తినే అన్నం ఎక్కడిదిరా" అని ఈయన, "మన డబ్బుతో మనకి కట్టారు, దానికి మళ్లీ దండం కూడానా" అని వాడు. చివరికి ఇద్దరూ కలిసి నా మీద పడ్డారు, నువ్వు చదువుతావు కదా తేల్చి చెప్పు అని.

తేల్చలేకపోయా. ఎందుకంటే వాళ్లిద్దరూ రెండు వేరే ప్రశ్నలకి జవాబు చెబుతున్నారు, ఆ రెండిటి వెనకా నూట యాభై ఏళ్ల నుంచి కొట్టుకుంటున్న చరిత్రకారుల గుంపులు ఉన్నాయి. నేను మొదట్లో ఏది చదవాలో తెలీక చేతికందిందల్లా చదివి చాలా టైమ్ పాడుచేసుకున్నా, మీకు ఆ తిప్పలు వద్దని ఇది రాస్తున్నా. యూరప్ వలస పాలన అంటే కాంగో నుంచి ఇండోనేషియా దాకా చాలా పెద్ద సబ్జెక్ట్, నేను ఎక్కువగా బ్రిటిష్ ఇండియా, అందులోనూ మద్రాసు ప్రెసిడెన్సీ పట్టుకుని చెబుతా, మనకి తెలిసిన చోట పెట్టి చూస్తేనే ఏ వాదన నిలబడుతుందో ఏది తేలిపోతుందో అర్థమవుతుంది.

ముందు దేన్ని బట్టి ఎంచుకోవాలి

ఏ పుస్తకం తీసినా నేను నాలుగు విషయాలు చూస్తా.

మొదటిది, అది ఏ ప్రశ్నకి జవాబు చెబుతోంది. సామ్రాజ్యం ఎందుకు వచ్చింది అన్నది ఒకటి, వచ్చాక ఏం చేసింది అన్నది ఇంకొకటి, దాని కింద బతికినోళ్లకి ఎలా ఉంది అన్నది పూర్తిగా వేరే. ఒకదానికి రాసిన పుస్తకం పట్టుకుని రెండోదానికి జవాబు వెతికితే తిట్టుకుంటూ మూసేస్తాం.

రెండోది, ఎవరి కాగితాల మీద నిలబడింది. కలెక్టర్ రిపోర్టులా, శిస్తు లెక్కలా, కోర్టు వాంగ్మూలాలా, పాటలా. మూడోది, అందులో ఎవరు కనపడరు. ఇది పుస్తకం చదివితే తెలియదు, దాని శత్రువుని చదివితే తెలుస్తుంది. నాలుగోది చదవడానికి ఎంత కష్టం, ఇది చిన్న విషయం అనుకోకండి, రాత్రి పడుకునే ముందు ఇరవై పేజీలు చదివే వాళ్లకి ఇదే అన్నిటికన్నా పెద్దది.

పాలించినోళ్లు రాసుకున్న చరిత్ర

జేమ్స్ మిల్ 1817లో బ్రిటిష్ ఇండియా చరిత్ర రాశాడు. మనిషి ఇండియాకి ఒక్కసారి కూడా రాలేదు, ఇక్కడి భాష ఒక్కటీ రాదు, అదే ఒక క్వాలిఫికేషన్ లాగా ముందుమాటలో సమర్థించుకున్నాడు కూడా. ఇండియాకి ఉద్యోగానికొచ్చే కుర్రాళ్లకి ట్రైనింగ్ ఇచ్చే హెయిలీబరీ కాలేజీలో అదే పాఠ్యపుస్తకం అయింది. హిందూ యుగం, ముస్లిం యుగం, బ్రిటిష్ యుగం అని మన స్కూల్ పుస్తకాలు చాలా కాలం చేసిన విభజన ఆయన చలవే.

ఈ దారి మొత్తం చదవద్దు అని చెప్పను. మిల్ అక్కర్లేదు గానీ జిల్లా గెజిటీర్లు, అంటే ఒక్కో జిల్లా వివరాలు సర్కారు అచ్చేసిన పుస్తకాలు, అవి మాత్రం కచ్చితంగా చూడండి. హెమింగ్‌వే అనే ఐసీఎస్ ఆఫీసర్ గోదావరి జిల్లా గెజిటీర్ 1907లో తెచ్చాడు, అంతకుముందు 1878లో హెన్రీ మోరిస్ రాసింది ఉంది, రెండూ స్కాన్లు ఫ్రీగా దొరుకుతాయి. వెనక తాలూకాల వారీగా ఊళ్లు ఉంటాయి, అక్కడ మీ ఊరు వెతుక్కోండి, ఆ థ్రిల్ వేరు. కాకపోతే చదివేటప్పుడు ఒక్కటి గుర్తుపెట్టుకోవాలి, రాసింది శిస్తు వసూలు చేసే డిపార్ట్‌మెంట్ మనిషి, ఊరు ఆయనకి అందులోంచే కనపడుతుంది.

ఈ దారికి కొత్త వెర్షన్ కూడా ఉంది. నియల్ ఫెర్గూసన్ 2003లో రాసిన ఎంపైర్. చట్టం, స్వేచ్ఛా వాణిజ్యం, పెట్టుబడి ప్రపంచానికి పంచింది బ్రిటనే, తప్పులు చేసింది నిజమే కానీ మొత్తం మీద లాభమే అన్న ధోరణి. రాయడం మాత్రం చాలా బాగా రాస్తాడు, అదే డేంజర్. మంచి ఇంత, చెడు ఇంత, తీసేస్తే మిగిలింది ఇంత అనే ఈ బ్యాలెన్స్ షీట్ ఆట నాకు అస్సలు నచ్చదు, లాభం ఒకడి ఖాతాలో నష్టం ఇంకొకడి ఖాతాలో ఉన్నప్పుడు కూడికలు తీసివేతలు ఎలా చేస్తారో నాకైతే అర్థం కాదు.

దాదాభాయి లెక్క, దానికి మనవడు 45 ట్రిలియన్

మా తమ్ముడి వాదనకి తాత దాదాభాయి నౌరోజీ. 1867 నుంచే ఈ మాట మొదలుపెట్టి 1901లో పెద్ద పుస్తకంగా తెచ్చాడు. తర్వాత రమేశ్ చంద్ర దత్ 1902, 1904ల్లో రెండు వాల్యూముల ఆర్థిక చరిత్ర రాశాడు. ఈ దత్ కూడా ఐసీఎస్సే, లోపల పని చేసి బయటికొచ్చి రాసినవాడు, అందుకే లెక్కలు గట్టిగా ఉంటాయి.

సంపద తరలింపు అంటే ఓడల్లో బంగారం ఎత్తుకెళ్లారు అని చాలామంది ఊహ. అసలు మెకానిజం అంతకన్నా తెలివైంది. నరసాపురం పక్కన మాధవాయిపాలెం ఉంది, అక్కడ ఇంగ్లీష్ వాళ్ల ఫ్యాక్టరీ ఉండేది, అంటే గోదాం. అక్కడి నూలు బట్టకి ఊరి పేరే పెట్టి మడపోలం అని యూరప్‌లో అమ్మారు, ఆ పేరు బట్టల వ్యాపారంలో ఇప్పటికీ ఉంది. ఈస్ట్ ఇండియా కంపెనీ వట్టి వ్యాపారిగా ఉన్నన్నాళ్లూ ఆ బట్టకి వెండి తెచ్చి ఇవ్వాల్సొచ్చేది. 1765లో బెంగాల్ దివానీ, అంటే శిస్తు వసూలు హక్కు, తర్వాత ఉత్తర సర్కార్లు, అంటే మన కోస్తా జిల్లాలు చేతికొచ్చాక కథ మారింది. రైతు దగ్గర శిస్తు తీసుకుంటాడు, ఆ శిస్తు డబ్బులోంచే సాలెవాడికి బట్ట ఖరీదు ఇస్తాడు, బట్ట ఓడెక్కి పోతుంది. సాలెవాడికి డబ్బు ముట్టింది, పుస్తకంలో కొనుగోలు అనే ఉంటుంది, మోసం ఎక్కడా కనపడదు. కానీ దేశం మొత్తంగా చూస్తే మన బట్టకి మన డబ్బే ఇచ్చి పట్టుకుపోయాడు. కంపెనీ పోయి రాణి వచ్చాక ఇదే హోమ్ ఛార్జెస్ అయింది, లండన్‌లో ఇండియా ఆఫీస్ ఖర్చు, రిటైరైన దొరల పెన్షన్లు, అప్పుల మీద వడ్డీ, రైల్వే కంపెనీలకి గ్యారంటీ ఇచ్చిన 5 శాతం, అన్నీ ఇక్కడి పన్నుల్లోంచే.

ఇంతవరకూ నేను పూర్తిగా ఒప్పుకుంటా. తేడా వచ్చేది మొత్తం దగ్గర. ఆర్థికవేత్త ఉత్సా పట్నాయక్ 2018లో చెప్పిన 45 ట్రిలియన్ డాలర్ల లెక్క 1765 నుంచి 1938 దాకా పోయినదానికి 5 శాతం వడ్డీ కట్టి ఇప్పటిదాకా తెస్తే వచ్చింది. చక్రవడ్డీ సంగతి మనకి ఎవరూ చెప్పక్కర్లేదు. ఒక్క రూపాయి 5 శాతం చక్రవడ్డీకి 100 ఏళ్లు వదిలితే 131 అవుతుంది, 200 ఏళ్లు వదిలితే 17 వేలు దాటుతుంది. అంటే ఆ పెద్ద నంబర్‌లో సింహభాగం వడ్డీ. లెక్క తప్పు అనట్లేదు, అప్పుగా చూస్తే అలాగే కడతారు, కానీ దాన్ని "అన్ని డాలర్లు ఎత్తుకెళ్లారు" అని వాట్సాప్‌లో పెడితే మాత్రం వేరే అర్థం వస్తుంది.

ఈ దారిలో ఇంకో లోపం ఉంది, ఇందులో దేశం ఒక్కటే మనిషిలా ఉంటుంది. దేశం నష్టపోయింది సరే, దేశంలో ఎవరు? జమీందారు కూడానా? షావుకారు కూడానా? జవాబుండదు.

లెక్క మళ్లీ వేసేవాళ్లు

పైవాళ్లని చదివాక వెంటనే వీళ్లని చదవాలి, లేకపోతే సగమే. తీర్థంకర్ రాయ్ లాంటి ఆర్థిక చరిత్రకారులు ఏమంటారంటే, ఇండియా పేదరికానికి అసలు కారణం వానల మీద బతికే నేల, ఎకరానికి వచ్చే తక్కువ దిగుబడి. బ్రిటిష్ రాజ్ చేతిలో డబ్బే తక్కువ, అది చిన్న ప్రభుత్వం. అదే టైమ్‌లో వ్యాపారం పెరిగింది, బొంబాయిలో మిల్లులు లేచాయి. మరి ఆ తక్కువ డబ్బులో కూడా పెద్ద ముక్క సైన్యానికే ఎందుకు పోయింది అని అడిగితే వీళ్ల దగ్గర నాకు తృప్తిగా అనిపించే జవాబు దొరకలేదు.

అయినా వీళ్ల దగ్గర నేర్చుకోవాల్సింది ఉంది. యాంగస్ మాడిసన్ లెక్క ప్రకారం ప్రపంచ ఉత్పత్తిలో ఇండియా వాటా 1700లో 24 శాతం దాకా, 1950 నాటికి 4 శాతం చిల్లర. చూడగానే 20 శాతం దోచేశారు అనిపిస్తుంది. కానీ వాటా పడిపోవడానికి మనం చిన్నవ్వక్కర్లేదు, పక్కవాళ్లు ఫ్యాక్టరీలు పెట్టి పెద్దవాళ్లయినా చాలు. మనం ఎందుకు పెరగలేదు అన్నది అసలు ప్రశ్న, ఈ నంబర్ అది చెప్పదు.

ఇంకోటి, డేవ్ డొనాల్డ్‌సన్ రైల్వేల మీద చేసిన పని. జిల్లాకి రైలు వస్తే అక్కడ వ్యవసాయ ఆదాయం సుమారు 16 శాతం పెరిగిందని జిల్లాల డేటాతో చూపించాడు. చాలా జాగ్రత్తగా చేసిన పని, కాదనడానికి లేదు. కానీ ఆదాయం పెరిగిన జిల్లాలో కూలీకి ఎంత, భూమి ఉన్నోడికి ఎంత?

ఈ రెండు గుంపులకీ అసలు పరీక్ష కరువు. 1876-78లో వచ్చిందాన్ని ధాత కరువు అంటారు పెద్దవాళ్లు, బళ్లారి, కర్నూలు, కడప దెబ్బతిన్నాయి. కరువు పనులు చేసే మగ కూలీకి రోజుకి ఒక పౌండు బియ్యం, ఒక అణా చాలని, కరువు చూసి రమ్మని వైస్రాయ్ పంపిన రిచర్డ్ టెంపుల్ తేల్చాడు. పౌండు అంటే అరకిలో కూడా లేదు, 450 గ్రాములు, అది తిని రోజంతా మట్టి మొయ్యాలి. మద్రాసు శానిటరీ కమిషనర్ కార్నిష్ ఇది మనుషుల్ని బతికించే తిండి కాదు అని పోట్లాడాడు, తర్వాత పెంచారు. ఇదే టెంపుల్ 1874లో బిహార్‌లో ధారాళంగా ఖర్చుపెట్టి జనాన్ని కాపాడి, ఖర్చు ఎక్కువ చేశావని తిట్లు తిన్నాడు. ఆ తిట్ల ఎఫెక్ట్ మనోళ్ల కంచంలో పడింది. నెల్లూరు, ఒంగోలు వైపు వాళ్లకి తెలిసిన బకింగ్‌హాం కాలువలో కొంత భాగం ఆ కరువు కూలీలు తవ్విందే. డేటా టేబుల్‌లో అది నీటి రవాణా సౌకర్యం అని ఉంటుంది.

మార్క్సిస్టులు, త్వరగా

సామ్రాజ్యం ఎందుకు వచ్చింది అన్నదానికి వీళ్ల జవాబు సూటిగా ఉంటుంది, పెట్టుబడి. నిజానికి మొదట అన్నది హాబ్సన్ అనే ఉదారవాది, దక్షిణాఫ్రికాలో బోయర్ యుద్ధం దగ్గర్నుంచి చూసొచ్చి 1902లో రాశాడు, లెనిన్ 1916లో దాన్ని తీసుకుని ఇంకా ముందుకెళ్లాడు. ఇండియా బయట చదవాలంటే ఈ దారిలోనే మంచి పుస్తకాలు ఉన్నాయి, కరీబియన్ బానిసత్వానికీ ఇంగ్లండ్ ఫ్యాక్టరీలకీ లింకు చూపించిన ఎరిక్ విలియమ్స్ 1944లో, ఆఫ్రికా గురించి వాల్టర్ రాడ్నీ 1972లో. దేశం అనే ముద్దని వర్గాలుగా విడదీసి చూపిస్తారు, జమీందారు ఎటువైపో ఇక్కడ తెలుస్తుంది. కులం మాత్రం చాలా పుస్తకాల్లో వర్గం కిందకి తోసేస్తారు, మన ఊళ్ల గురించి చదివేటప్పుడు అది చాలా పెద్ద ఇబ్బంది.

కేంబ్రిడ్జ్ వాళ్లు

1953లో గాలహర్, రాబిన్సన్ అనే ఇద్దరు కేంబ్రిడ్జ్ చరిత్రకారులు ఒక వ్యాసం రాశారు. మ్యాప్‌లో ఎర్ర రంగు వేసినంత మేరే సామ్రాజ్యం అనుకోకండి, అర్జెంటీనా లాంటి చోట్ల జెండా పాతకుండానే వ్యాపారంతో పట్టు పెట్టారు, అలా కుదరనప్పుడే జెండా పాతారు అని. తెలంగాణ వాళ్లు ఇది తప్పకుండా చదవండి. హైదరాబాద్ బ్రిటిష్ రాజ్యం కాదు, నిజాందే, కానీ కోఠీలో బ్రిటిష్ వాళ్ల ప్రతినిధి, రెసిడెంటు కూర్చున్నాడు, సైన్యం ఖర్చు బాకీ పేరు చెప్పి 1853లో బేరార్ రాయించుకున్నారు. దీన్ని దోపిడీ, అభివృద్ధి అనే రెండు గదుల్లో దేన్లోనూ పెట్టలేం.

తర్వాత అనిల్ సీల్, వాష్‌బ్రూక్, బేకర్ వచ్చారు. చివరి ఇద్దరూ మద్రాసు ప్రెసిడెన్సీ మీదే 1976లో ఒక్కో పుస్తకం తెచ్చారు, అంటే మన జిల్లాల పేర్లు అందులో దొరుకుతాయి. వీళ్ల వాదన చేదుగా ఉంటుంది, జాతీయోద్యమంలో ఆదర్శం తక్కువ, పదవులు, ఉద్యోగాలు, లోకల్ బోర్డుల మీద పట్టు, ముఠాలు ఎక్కువ అని. 1913లో బాపట్లలో ఆంధ్ర మహాసభ ఎందుకు పెట్టారు అంటే మద్రాసులో అరవవాళ్లతో ఉద్యోగాల పోటీ చూపిస్తారు. కోపం వస్తుంది గానీ అందులో నిజం లేదని అనలేం.

అయితే వీళ్ల థియరీ పట్టుకుని చీరాల వెళ్లండి. 1921లో మునిసిపాలిటీ పన్ను వద్దని దుగ్గిరాల గోపాలకృష్ణయ్య మాట మీద వేలమంది ఇళ్లకి తాళాలేసి ఊరి బయట పాకల్లో నెలల తరబడి ఉన్నారు. ఏ పదవి కోసం, ఏ ఉద్యోగం కోసం? పైన ఉన్న నాయకుల లెక్క బాగా చెబుతారు కానీ ఎండలో పిల్లల్ని పెట్టుకుని పాకలో కూర్చున్న ఆవిడ గురించి వీళ్ల దగ్గర ఏమీ ఉండదు.

కింద నుంచి చూసేవాళ్లు

ఆవిడ దగ్గరికి వెళ్దామని బయల్దేరినోళ్లే సబాల్టర్న్ (అంటే అట్టడుగు మనుషుల చరిత్ర రాసే) గుంపు, రణజిత్ గుహా పెద్ద, మొదటి వాల్యూమ్ 1982. తెలుగువాళ్లకి కిక్కిచ్చే విషయం ఏంటంటే ఆ మొదటి వాల్యూమ్‌లోనే గూడెం, రంప తిరుగుబాట్ల మీద డేవిడ్ ఆర్నాల్డ్ వ్యాసం ఉంది, 1839 నుంచి 1924 దాకా.

మనకి రంప అంటే అల్లూరి. 1922 ఆగస్టులో చింతపల్లి, కృష్ణదేవిపేట, రాజవొమ్మంగి స్టేషన్లు, 1924 మే 7న కొయ్యూరు. ఆర్నాల్డ్ దాన్ని ఎనభై ఏళ్ల వరుసలో చివరిదిగా పెడతాడు. వరుసలో పెట్టగానే వేరే కథ అవుతుంది. 1879లో కల్లు మీద పన్ను, 1882 అడవి చట్టం వచ్చాక పోడు మీద ఆంక్షలు, తర్వాత ఘాట్ రోడ్డు పనికి కూలీ ఇవ్వకుండా పని చేయించుకోవడం, గూడెం డిప్యూటీ తహసీల్దార్ బాస్టియన్ మీద కొండవాళ్ల కసి, అధికారం పోగొట్టుకున్న ముఠాదారుల (కొన్ని కొండ ఊళ్ల మీద పెత్తనం ఉన్నవాళ్లు) కోపం, ఇవన్నీ రాజు కొండెక్కేసరికే అక్కడ ఉన్నాయి.

ఈ దారి నేర్పే టెక్నిక్ ఒకటుంది, సర్కారు ఫైలుని తిరగేసి చదవడం. ఫైల్లో ఫితూరీ అని ఉంటుంది. ఎవడో కుట్ర చేసి అమాయకుల్ని రెచ్చగొట్టాడు అనే అర్థం ఆ మాటలోనే కూర్చుని ఉంది. గుహా ఏమంటాడంటే ఆ మాటని అలాగే మీ పుస్తకంలోకి తెచ్చుకుంటే కలెక్టర్ కళ్లద్దాలు కూడా తెచ్చుకున్నట్టే, దాన్ని తిప్పి చూడు, ఏ స్టేషన్ మీద పడ్డారు, ఏం తీసుకున్నారు, ఏం ముట్టుకోలేదు, అందులో వాళ్ల ఆలోచన కనపడుతుంది. స్టేషన్ మీదికొస్తున్నాం అని ముందే మిరపకాయ కట్టి పంపిన టపా గురించి మనవైపు అందరూ చెప్పుకుంటారు. దొంగ ఎవడైనా వస్తున్నా అని ఉత్తరం రాస్తాడా?

లోపాలు లేవా అంటే ఉన్నాయి. ముఠాదారు కొండమీద మామూలు మనిషి కాదు, ఆయన కూడా చిన్న దొరే, ఆయన కోపాన్ని కింది మనిషి కోపం అనొచ్చా అన్నది న్యాయమైన ప్రశ్న. గాం గంటం దొర, మల్లు దొర లాంటి వాళ్ల పేర్లు మన స్కూల్ పాఠంలో రాజు వెనక ఒక లైనులో ఉంటాయి, మల్లు దొర 1952లో పార్లమెంటుకి గెలిచాడన్న సంగతి ఎంతమందికి తెలుసు? తర్వాత తర్వాత ఈ గుంపులో చాలామంది రైతుల్ని వదిలేసి ఫ్రెంచి థియరీలోకి వెళ్లిపోయారు, ఆ పుస్తకాలు నేను రెండుసార్లు మొదలెట్టి రెండుసార్లూ వదిలేశా, మొహమాటం లేకుండా చెబుతున్నా.

భాష, సర్వే, డిక్షనరీ కూడా ఆయుధాలే అనేవాళ్లు

ఎడ్వర్డ్ సయీద్ 1978లో ఓరియంటలిజం రాశాక వచ్చిన దారి ఇది. తూర్పు దేశాల గురించి పోగేసిన జ్ఞానం పాలించడానికి పనికొచ్చే జ్ఞానం అని. బెర్నార్డ్ కోన్, నికొలస్ డిర్క్స్ దీన్ని ఇండియాకి తెచ్చారు, జనాభా లెక్కలు కులాన్ని గట్టిగా బిగించాయి అని డిర్క్స్ వాదన.

మనకైతే ఇది సి.పి. బ్రౌన్ ప్రశ్న. కడపలో బంగళా కొని పండితుల్ని పెట్టుకుని, సొంత డబ్బు పోసి అప్పులపాలై, వేమనని అచ్చు వేయించి, 1852లో నిఘంటువు తెచ్చిన మనిషి. ఆయన్ని పట్టుకుని నువ్వు రాజ్యం పనిముట్టువి అంటే నాకు మనసొప్పదు. కానీ ఆ నిఘంటువు ఎవరికి కావాలి, కోర్టులో తెలుగు అర్జీ చదవాల్సిన దొరకి కూడా కావాలి కదా. రెండూ నిజం.

ఇక్కడ అసలు మజా మెకంజీ మీద గొడవ. కాలిన్ మెకంజీ అనే కంపెనీ సర్వే ఆఫీసర్ ఊరూరా కైఫీయతులు, అంటే ఊరి చరిత్ర రాసిన రికార్డులు పోగేయించాడు, ఆ పని చేసింది కావలి బొర్రయ్య, లక్ష్మయ్య అనే మన తెలుగు అన్నదమ్ములు. డిర్క్స్ అంటాడు, ఊళ్ల గొంతులు ఈ పెట్టెల్లోకి చేరాక సర్కారు ఆర్కైవ్ అయిపోయాయి, వాటి సొంత అర్థం పోయింది అని. ఫిలిప్ వాగనర్ 2003లో ఎదురు చెప్పాడు, ఈ నియోగులు కంపెనీ రాకముందు నుంచే దఫ్తరాలు నడిపిన వాళ్లు, ఆ నైపుణ్యం లేకపోతే మెకంజీ పనే లేదు, వాళ్లు కూలీలు కాదు భాగస్వాములు అని. థామస్ ట్రౌట్‌మన్ కూడా అటే, ద్రావిడ భాషలు వేరే కుటుంబం అని మద్రాసు కలెక్టర్ ఎల్లిస్ 1816లో క్యాంబెల్ తెలుగు వ్యాకరణం ముందు పెట్టి నిరూపించింది మద్రాసు పండితుల సాయంతోనే అంటాడు. నా ఓటు వాగనర్‌కి. కైఫీయతులు తెలుగులో అచ్చయ్యాయి, ఒకటి తీసి చదవండి, కరణం గారి స్వరం ఎక్కడికీ పోలేదు, మాన్యాలు ఎవరివో ఎలా వచ్చాయో చెప్పుకుంటూ తన పని కూడా చక్కబెట్టుకుంటుంటాడు.

ఒక్క చూపులో

| దారి | గట్టి చోటు | తేలిపోయే చోటు | చదవడం |
|---|---|---|---|
| పాలకుల చరిత్ర, గెజిటీర్లు | ఊరి వివరం, తేదీలు | శిస్తు కట్టినోడి మాట | తేలిక |
| నౌరోజీ, దత్ | డబ్బు ఎటు పోయిందో | దేశం లోపలి తేడాలు | ఓపిక కావాలి |
| కొత్త ఆర్థిక చరిత్ర | నంబర్ల జాగ్రత్త | నంబర్ లేని బాధ | గ్రాఫులంటే ఇష్టం ఉంటే ఓకే |
| మార్క్సిస్టులు | ఎందుకు వచ్చింది, ప్రపంచం మొత్తం | కులం | మనిషిని బట్టి |
| కేంబ్రిడ్జ్ | ముఠాలు, పదవులు, సంస్థానాలు | త్యాగం చేసినోళ్లు | పొడిగా ఉంటుంది |
| సబాల్టర్న్ | తిరుగుబాట్లు, అడవి | మామూలు రోజులు | పాతవి బాగుంటాయి |
| జ్ఞానం, భాష | బ్రౌన్, మెకంజీ, జనాభా లెక్కలు | ఆకలి, కూలీ | కష్టం |

మరి ఎవరికి ఏది

గ్రూప్ వన్, సివిల్స్ రాసేవాళ్లకి మొదట దత్ వాదన, దాని పక్కనే రాయ్, తర్వాత కేంబ్రిడ్జ్ సారాంశం చాలు. ఆన్సర్‌లో ఒక స్కూల్ (పైన నేను దారి అన్నదే) పేరు చెప్పి రెండో స్కూల్ దానికి ఏమని అభ్యంతరం చెప్పిందో ఒక లైను రాస్తే పేపర్ నిలబడుతుంది, ఏడు స్కూళ్ల పేర్లు వరసగా అప్పజెబితే కోచింగ్ నోట్స్ వాసన వస్తుంది.

సొంత ఊరి చరిత్ర రాద్దామనుకునే వాళ్లు థియరీ జోలికి పోకండి ముందు. గెజిటీర్, కైఫీయతు పక్కపక్కన పెట్టుకోండి, ఒకే ఊరు రెండిట్లో ఎంత తేడాగా ఉందో చూడండి, ఆ తేడాలోంచి ప్రశ్న పుడుతుంది, అప్పుడు ఆర్నాల్డ్ వ్యాసం చదవండి.

ఫ్యామిలీ గ్రూపుల్లో వాదించడానికి కావాలా, అయితే కరువు ఒక్కటి బాగా చదువుకోండి చాలు, రైల్వేలు ఇచ్చారు అనేవాళ్లకీ 45 ట్రిలియన్ వాళ్లకీ రెండు వైపులా పనికొస్తుంది.

బయట దేశాల్లో పిల్లల్ని పెంచుతున్న వాళ్లు విలియమ్స్, రాడ్నీల వైపు వెళ్లండి, పిల్లల క్లాసులో బానిసత్వం గురించి ఎలాగూ వస్తుంది, దాని పక్కన కూలీ ఒప్పందాల కథ చెప్పొచ్చు. మారిషస్‌కి 1834 నుంచి, ఫిజీకి 1879 నుంచి 1916 దాకా మనుషుల్ని పట్టుకెళ్లారు, అందులో తెలుగువాళ్లూ ఉన్నారు, కోరంగి రేవు నుంచి రంగూన్ వెళ్లినోళ్లని అక్కడ కోరంగీలు అనే పిలిచారు. డెల్టాకి నీళ్లొచ్చాక కూడా అదే తీరం నుంచి జనం ఓడలెందుకెక్కారు అన్నది ఎవరైనా పెద్ద పుస్తకంగా తెలుగులో రాస్తే బాగుండు.

ఇంతకీ ధవళేశ్వరం

1832-33 నందన కరువులో ఒక్క గుంటూరు జిల్లాలోనే దాదాపు రెండు లక్షల మంది పోయారు. పక్కన రాజమండ్రి జిల్లాలో జనం తగ్గారు, శిస్తు పడిపోయింది. 1847లో ఆనకట్ట మొదలై 1852కి అయింది, ధవళేశ్వరం, ర్యాలి, మద్దూరు, విజ్జేశ్వరం అని నాలుగు ముక్కలుగా. సర్కార్లు కంపెనీ చేతికి 1760ల్లో వచ్చాయి, అంటే ఎనభై ఏళ్లు వసూలు చేసుకున్నాక కట్టారు, శిస్తు పెరుగుతుందన్న లెక్క చూపిస్తే గానీ డబ్బు కదల్లేదు. ఇవాళ ఆ డెల్టా కింద పది లక్షల ఎకరాలు ఉన్నాయి. భూమి ఉన్న కులాలు పైకొచ్చాయి, వాళ్ల పిల్లలు చదువుకున్నారు, కూలీ కూలీగానే ఉన్నాడు. ఒక్క ఆనకట్టకి పైన చెప్పిన దారులన్నీ కావాలి.

నాకు చదువుతుంటే తగిలిన విచిత్రం ఏంటంటే, రైల్వేల మీద పోసిన డబ్బు కాలువల మీద పెట్టుంటే కరువులు ఇంత చంపేవి కాదు అని ప్రభుత్వాన్ని ఏళ్ల తరబడి తిట్టింది కాటనే, 1870ల్లో పార్లమెంటు కమిటీ ముందు కూడా అదే పోరాటం. దాన్నే దత్ తన పుస్తకంలో సాక్ష్యంగా వాడుకున్నాడు. అంటే మా పెదనాన్న దేవుడు మా తమ్ముడి వైపు సాక్షి.

పెదనాన్నకి ఆ పేజీలు తెలుగులో చెప్పి వినిపించా, "చూశావా, మా దొర ముందే చెప్పాడు" అన్నారు, అంటే ఏం మారలేదు. తమ్ముడికి చక్రవడ్డీ కాగితం మీద వేసి చూపించా, కాసేపు మాట్లాడలేదు. తర్వాత ఆనకట్ట పనిలో కూలీల్ని కూడగట్టి నడిపించిన వీణం వీరన్న గురించి చెబితే వాడు అసలు పేరే వినలేదన్నాడు. ఉగాదికి మళ్లీ ఆ దారినే వెళ్తాం, ఈసారి కారు తనే ఆపిస్తాడట, వీరన్న పేరు అక్కడ ఎక్కడ రాసుందో వెతకాలని.